రెండు కళ్ళ కథ

త్రీడీ సినిమా అనగానే మనలో చాలామందికి గుర్తొచ్చేది ఒక్కటే – తెరలోంచి ఏదో ఒకటి దూసుకొచ్చి మన ముక్కు దాకా రావడం. బాణమో, బంతో, పాము పడగో. పెద్దమనుషులు కూడా గభాలున తల పక్కకి తప్పించి, ఆ తరవాత ఎవరైనా చూశారేమోనని సర్దుకుని కూర్చుంటారు. 1984లో మలయాళంలో వచ్చిన ‘మై డియర్ కుట్టిచాతన్’ మన దేశంలో మొట్టమొదటి త్రీడీ చిత్రం. అది చూసినవాళ్ళని మా ఇంట్లోనే అడిగాను. కథ చెప్పమంటే తడుముకున్నారు గాని, మీదికొచ్చిన వస్తువుల జాబితా మాత్రం గడగడ అప్పజెప్పారు.

ఇందులో తప్పు పట్టడానికేమీ లేదు. తిరునాళ్ళకి వెళ్ళినవాడు రంగులరాట్నం ఎక్కడం సహజం. కాని రంగులరాట్నం కథ చెప్పదు కదా! తెరకి లోతు వచ్చినంత మాత్రాన కథకి ఏం కలిసొచ్చింది? ముఖ్యంగా కంప్యూటర్ మీద తయారయ్యే బొమ్మల సినిమాల్లో ఈ లోతు ఏం పని చేస్తోంది? ఈ ప్రశ్న నాకు సొంతంగా పుట్టింది కాదు. నా గది మిత్రుడొకడు అడిగాడు. వాడి సంగతి కాసేపట్లో చెబుతాను. ముందు అసలు లోతంటే ఏమిటో చూద్దాం.

మీ చూపుడు వేలుని ముఖానికి జానెడు దూరంలో నిలబెట్టి, ఎడమ కన్నూ కుడి కన్నూ మార్చి మార్చి మూయండి. వేలు కదలకుండానే వెనకనున్న గోడ మీద అటూ ఇటూ గెంతుతుంది. మన కళ్ళ మధ్య ఎడం సుమారు 6.5 సెంటీమీటర్లు. అంచేత రెండు కళ్ళూ ఒకే వస్తువుని రెండు తావుల నుంచి చూస్తాయి. ఆ రెండు బొమ్మల మధ్య తేడాని మెదడు లోతుగా అర్థం చేసుకుంటుంది. 1838లో చార్లెస్ వీట్‌స్టన్ అనే ఇంగ్లీషు శాస్త్రవేత్త రెండు అద్దాలూ రెండు చదునైన బొమ్మలూ పెట్టి ఈ సంగతి రుజువు చేశాడు. త్రీడీ సినిమా ఈనాటికీ ఆ సూత్రం మీదే నడుస్తోంది. తెర మీద రెండు బొమ్మలు పడతాయి. ఏ కంటి బొమ్మ ఆ కంటికి మాత్రమే చేరేట్టు చూడడం కళ్ళజోడు పని. రెండు బొమ్మలూ ఒకేచోట కలిస్తే వస్తువు సరిగ్గా తెర మీదే వున్నట్టు కనిపిస్తుంది. కుడికంటి బొమ్మ కాస్త కుడికి జరిగితే తెర వెనక్కి పోతుంది. ఎడమకి జరిగితే తెర దాటి మన ముందుకొస్తుంది. మొత్తం మాయ ఇంతే.

కంప్యూటర్ బొమ్మల సినిమాకి ఇక్కడొక సౌకర్యం వుంది. కాగితం మీద గీసిన బొమ్మకి వెనక ఏమీ వుండదు. కంప్యూటర్‌లో తయారు చేసిన గది అలా కాదు. అందులో బల్లకి పొడవూ వెడల్పూ ఎత్తూ వున్నాయి, కుర్చీకి వెనక భాగం కూడా వుంది. ఆ గదిలో ఒక ఊహా కెమేరా పెట్టి సినిమా తీస్తారు. పక్కన ఇంకో కెమేరా పెడితే రెండో కన్ను వచ్చినట్టే. 1995లో వచ్చిన ‘టాయ్ స్టోరీ’ని, 1999లో వచ్చిన దాని రెండో భాగాన్ని 2009లో త్రీడీగా మళ్ళీ విడుదల చేసినప్పుడు పిక్సార్‌వాళ్ళు చేసింది అదే. పాత ఫైళ్ళు వెతికి తెరిచి, ఏనాడో కట్టిన గదుల్లోకి రెండో కెమేరా తీసుకెళ్ళారు. చేత్తో గీసిన ‘ది లయన్ కింగ్’కి 2011లో అదే పని చెయ్యవలసి వచ్చినప్పుడు, సింహం ముక్కు ఎంత ముందుకుండాలి, జూలు ఎంత వెనక్కుండాలి అన్నది మనుషులు కూర్చుని కొత్తగా నిర్ణయించవలసి వచ్చింది.

అంతకన్నా ముఖ్యమైన సంగతి ఇంకొకటుంది. మన కళ్ళ ఎడం మన చేతిలో లేదు. ఆ ఊహా కెమేరాల ఎడం మాత్రం తీసేవాడి చేతిలో వుంది. ఎడం బాగా పెంచితే కొండ కూడా బొమ్మల కొలువులో కొండంత అయిపోతుంది. బాగా తగ్గిస్తే గది గోడకి అంటించిన కాగితంలా చదునైపోతుంది. ఒకే షాటులో మనిషికి ఒక ఎడం, వెనక ఊరికి ఇంకో ఎడం పెట్టి రెండూ కలపనూవచ్చు. అంటే లోతు ఇక్కడ ప్రకృతి ఇచ్చినది కాదు, హార్మోనియం మెట్టులాగా నొక్కితే పలికేది. మరి దాన్ని ఎప్పుడు నొక్కాలి? ఎందుకు నొక్కాలి?

ఇక మావాడి సంగతి. 2009 నుంచి 2011 దాకా, నేను ఎమ్మెస్సీ ఫిజిక్సు వెలగబెడుతున్న రోజుల్లో, మేమిద్దరం వచ్చిన ప్రతి బొమ్మల సినిమా చూసేవాళ్ళం. వాడికి చిన్నప్పుడు మెల్లకన్ను. మెల్లకన్ను అదృష్టమని ఇంట్లో పెద్దవాళ్ళు మురిసిపోయి ఊరుకున్నారట. డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళేసరికి వాడికి పన్నెండేళ్ళు. కన్ను తిన్నగా చేశారు గాని, అప్పటికే మెదడు ఆ కంటి మాట వినడం మానేసింది. రెండు కళ్ళూ తెరిచే వుంటాయి, చూసేది మాత్రం ఒకటే. ఫ్లాస్కులోంచి టీ వంచేటప్పుడు మూతిని గ్లాసు అంచుకి ఆనించి మరీ వంచేవాడు. గుండీ ఊడితే సూదిలో దారం ఎక్కించడానికి నన్ను పిలిచేవాడు. సైకిలు మాత్రం నాకన్నా బాగా తొక్కేవాడు.

ఒకరోజు హాలు బయట, కళ్ళజోళ్ళు పెట్టెలో పడేసి వస్తూ అడిగాడు: “ఒరే, నేనూ నీ అంత టిక్కెట్టే కొన్నాను. నేను చూడనిది ఏమిటో లెక్క చెప్పు.”

ఆ రాత్రి గదిలో కాగితం మీద రెండు కళ్ళు గీసి, గీతలు లాగి, కోణాలు వేసి చెప్పాను. ఓపిగ్గా విన్నాడు. చివరికి, “ఇది కంటి లెక్కరా. నేనడిగింది సినిమా లెక్క” అన్నాడు. ఆ మాట మీద నా దగ్గర జవాబు లేదు. అప్పట్నుంచీ మాకొక అలవాటైంది. సినిమా చూసి రాగానే లోతు గురించి నేను చెప్పాలి, వాడికి కనిపించింది వాడు చెప్పాలి. ఆ తరవాత రెండూ పక్కపక్కన పెట్టి చూడాలి.

అలా మొదట పట్టుకున్నది ‘అప్’. పీట్ డాక్టర్ తీసిన ఈ చిత్రం 2009లో కాన్ చిత్రోత్సవానికి ప్రారంభ చిత్రం. బొమ్మల సినిమాకి ఆ గౌరవం దక్కడం అదే మొదలు. అందులో కార్ల్ అనే ముసలాయన భార్య పోయాక ఒంటరిగా ఇంట్లో వుంటాడు. ఆ గదుల్లో లోతు దాదాపు లేదు. గోడా, కుర్చీ, ఆయనా ఒకదానికొకటి అతుక్కున్నట్టుంటాయి. ఆ తరవాత వేల బుడగలు ఇంటిని పైకి లేపుతాయి. అప్పుడు కింద ఊరు, పైన ఆకాశం, మధ్యలో గాలి – లోతు ఒక్కసారిగా విచ్చుకుంటుంది. ఇది అనుకోకుండా జరిగింది కాదు. ముసలాయన బతుకు ఇరుకైనప్పుడు లోతు తగ్గించాలి, బతుకు తెరుచుకున్నప్పుడు పెంచాలి అని ముందుగానే లెక్క వేసుకుని తీశారు. మాటలకీ పాటలకీ స్క్రిప్టు వున్నట్టు లోతుకి కూడా ఒక స్క్రిప్టు రాసుకుంటారన్నమాట.

నేనిదంతా చెప్పబోయేలోపే మావాడు, “ఆ ముసలాయన ఇల్లు చూశావా, గాలాడనట్టుంది” అన్నాడు. నేను తెల్లబోయాను. లోతు కనిపించనివాడికి ఇరుకు ఎలా తెలిసింది? మళ్ళీ తలుచుకుంటే అర్థమైంది. కార్ల్ ముఖం నలుచదరం, కళ్ళద్దాలు నలుచదరం, కుర్చీ నలుచదరం. భార్య ఎల్లీ వున్నంత కాలం వెలిగిన రంగులు ఆమెతోపాటే వెలిసిపోయాయి. ఆకారం, రంగు, వెలుతురు, సంగీతం అన్నీ ఒకే వాక్యం చెబుతున్నాయి. లోతు కూడా అదే వాక్యంలో ఒక మాట. ఆ ఒక్క మాట వినపడకపోయినా వాక్యం అర్థం కావడం ఆగలేదు. మంచి కథకుడు ఏ ఒక్క మాట మీదా కథంతా మోపడని ఆనాడు తెలిసింది.

రెండో సినిమా ‘కోరలైన్’. ఇది కంప్యూటర్ బొమ్మ కాదు. 2009లో హెన్రీ సెలిక్ నిజం బొమ్మల్ని ఒక్కొక్క ఫ్రేముకీ చేత్తో కదిపి తీసినది. అయినా లోతు గురించి మాట్లాడేటప్పుడు దీన్ని వదిలెయ్యలేం. ఇల్లు మారిన ఒక పిల్ల, అమ్మానాన్నలకి తీరిక లేదు. ఆ ఇంట్లో ఒక చిన్న తలుపు వెనక ఇంకో ఇల్లు, ఇంకో అమ్మ. అసలు ఇంటి సెట్లని కావాలనే లోతు తక్కువగా, నొక్కేసినట్టు కట్టారు. తలుపవతలి ఇంటిని లోతుగా, విశాలంగా కట్టారు. పిల్లకి అక్కడే బావుంటుంది, మనకీ అక్కడే బావుంటుంది. అయితే అక్కడ శాశ్వతంగా వుండాలంటే కళ్ళ మీద గుండీలు కుట్టించుకోవాలి! లోతు ఇక్కడ ఎర. మావాడికి ఇది తెగ నచ్చింది. “ఈ సినిమా నా పక్షం రా. లోతు చూసి మోసపోయినవాళ్ళ కథ” అని నవ్వాడు.

మూడోది ‘హౌ టు ట్రెయిన్ యువర్ డ్రాగన్’, 2010. హికప్ అనే కుర్రాడు తోక దెబ్బతిన్న డ్రాగన్ మీదెక్కి సముద్రం మీద రాతి స్తంభాల మధ్య ఎగురుతాడు. ఆ సన్నివేశంలో నా పక్కన మావాడు కుర్చీ చేతులు గట్టిగా పట్టుకున్నాడు. బయటికొచ్చాక, “ఎగిరేటప్పుడు నాక్కూడా లోతు వచ్చిందిరా!” అన్నాడు. నిజమే. రైలు కిటికీలోంచి చూడండి: పక్కనున్న తాటిచెట్లు వెనక్కి పరిగెడతాయి, దూరపు కొండలు మనతోపాటే నడిచొస్తాయి. ఇది చూడడానికి ఒక కన్ను చాలు. కదలిక వున్నంతసేపూ ఒంటి కంటికీ లోతు వుంటుంది. వాడు సైకిలు బాగా తొక్కడంలోని రహస్యం కూడా ఇదే. కదులుతున్న బొమ్మ ఆగిపోతేనే వాడి లోతు పోయేది.

ఇక్కడ కిటికీ గురించి ఒక మాట చెప్పాలి. ఈ విద్య తెలిసినవాళ్ళు త్రీడీ తెరని కిటికీ అంటారు. కిటికీ అవతల ఎంత లోతైనా చూపించవచ్చు. కిటికీ దాటి ఇవతలికి తెచ్చినప్పుడే చిక్కు. ముందుకొచ్చిన మనిషి భుజాన్ని తెర అంచు కోసేసిందనుకోండి, వెనకున్న చట్రం ముందున్న మనిషిని కోసినట్టవుతుంది. కన్ను ఒప్పుకోదు. అందుకని బొమ్మ అంచుల్లో సన్నటి నల్ల పట్టీలు వేసి, ఆ కిటికీనే మనకి తెలియకుండా ముందుకి జరుపుతారు. ఇంకో చిక్కుంది. మామూలుగా మన కళ్ళు ఎంత దూరంలో చూపు కలుపుతాయో అంత దూరానికే స్పష్టత కూడా సర్దుకుంటాయి. త్రీడీలో స్పష్టత ఎప్పుడూ తెర మీదే వుండాలి, చూపు మాత్రం తెరకి వెనకో ముందో కలవాలి. ‘అపొకలిప్స్ నౌ’కి ఎడిటింగు చేసిన వాల్టర్ మర్చ్ 2011లో ఇదే ఆక్షేపణ లేవదీశాడు. ఒక షాటులో దగ్గరా, మరుక్షణం షాటులో దూరమూ పెడితే కళ్ళు అలిసిపోతాయి. అంచేత తెలివైనవాళ్ళు లోతుని మెట్టు మెట్టుగా మారుస్తారు, షాటుని కాస్త ఎక్కువసేపు నిలుపుతారు. హరిదాసు ముఖ్యమైన ఘట్టం ముందు చిరతలు ఆపి ఊపిరి పీల్చుకుంటాడే, అలాగన్నమాట. లోతు కథకుణ్ణి తొందరపడనివ్వదు.

‘అప్’ తీసినవాళ్ళు చాలావరకు కిటికీ అవతలే వుండిపోయారు. కిటికీ దాటడానికి కథలో కారణం వుండాలి. ఆ కారణం నాకు దొరికింది నాలుగో సినిమాలో – 2010 చివర వచ్చిన ‘టాంగిల్డ్’లో.

రపుంజెల్ అనే పిల్లని చంటితనంలోనే ఎత్తుకుపోయి ఒక బురుజులో దాచేస్తారు. ప్రతి ఏడూ తన పుట్టినరోజు రాత్రి దూరంగా ఆకాశంలో దీపాలు లేవడం కిటికీలోంచి చూస్తుంది. అవి తప్పిపోయిన తనకోసమే తల్లిదండ్రులు వదులుతున్నారని తెలియదు. పద్దెనిమిదో పుట్టినరోజుకి బురుజు దిగి వెళ్ళి, ఒక పడవలో కూర్చుంటుంది. వేలాది దీపాలు లేస్తాయి. అప్పటిదాకా కిటికీ అవతలే వున్న లోతు అప్పుడు తెర దాటింది. దీపాలు హాల్లోకి వచ్చాయి. ఒకటి నాకూ నా ముందు వరసలో వాళ్ళ తలలకీ మధ్య తేలుతూ వుంది. ఏదీ మీదికి దూకలేదు, ఎవరూ తల తప్పించలేదు. హాలంతా చప్పుడు లేకుండా అయిపోయింది.

ఆ రాత్రి మా అలవాటు ప్రకారం మావాడికి చెప్పాను: “ఇన్నాళ్ళూ లోతు కథకి తోడొచ్చింది. ఇక్కడ లోతే కథ. ఆ పిల్ల పద్దెనిమిదేళ్ళు దూరం నుంచి చూసింది దగ్గరికొచ్చింది. అది నాకు ఎవరో చెబితే తెలిసింది కాదు, నా దగ్గరికే వచ్చింది.” వాడు చాలాసేపు ఏమీ అనలేదు. తరవాత మెల్లిగా, “అయితే నేనింకా బురుజు కిటికీలోనే వున్నానన్నమాట” అన్నాడు.

వాణ్ణి ఓదార్చాలని చూడలేదు. అడిగిన లెక్క అదే. ‘అప్’లో వాడు పోగొట్టుకున్నది దాదాపు ఏమీ లేదు. ‘టాంగిల్డ్’లో ఆ కొద్ది నిమిషాల్లో పోగొట్టుకున్నది చాలా వుంది. లేదంటే అబద్ధమయ్యేది. కాని ఆ లెక్కతోనే నాకు మొదటి ప్రశ్నకి జవాబు దొరికింది. దగ్గరా దూరమూ అన్నవి కథలో మనుషుల మధ్య వున్నప్పుడే తెర మీద వాటికి అర్థం. ఎవరికీ ఎవరూ దూరం కాని కథలో బంతి వెయ్యి సార్లు మీదికొచ్చినా అది బంతే.

బంతి అంటే గుర్తొచ్చింది. 1953లో ‘హౌస్ ఆఫ్ వాక్స్’ అనే త్రీడీ చిత్రం అమెరికాలో పెద్ద సంచలనం. అందులో ఒకడు రబ్బరుతాడు కట్టిన బంతిని చెక్క బ్యాటుతో కొడుతూ ప్రేక్షకుల ముఖం మీదికి పంపిస్తాడు. 2009లో వచ్చిన ‘మాన్‌స్టర్స్ వర్సెస్ ఏలియన్స్’ అనే కంప్యూటర్ బొమ్మల సినిమా మొదట్లోనే ఆ బంతి ఆట మళ్ళీ ఆడి ఒక దణ్ణం పెట్టింది. ఆ పాత సినిమా దర్శకుడు ఆంద్రే డి టాత్‌కి ఒకే కన్ను. రెండోదాని మీద నల్ల గుడ్డ కట్టుకుని తిరిగేవాడు. తన సినిమాలోని లోతు ఆయన ఏనాడూ చూడలేదు. ఈ సంగతి చెబితే మావాడు పగలబడి నవ్వి, “అయితే ఆ బంతి ఎక్కడిదాకా వచ్చిందో తెలియకుండానే మన మీద వేశాడన్నమాట!” అన్నాడు. బురుజు మాట తరవాత వాడు అంతగా నవ్వడం అదే మొదలు.

ఆ త్రీడీ జోరు తరవాత తగ్గింది. 2017 నాటికి పెద్ద కంపెనీలు త్రీడీ టీవీల తయారీ మానుకున్నాయి. హాళ్ళలో మాత్రం బొమ్మల సినిమాలు కొన్ని ఇంకా కళ్ళజోడుతోనే వస్తున్నాయి. వాటిలో ఎన్నిటికి లోతు అవసరమో, ఎన్నిటికి టిక్కెట్టు ధర కోసమో మీరే చూసి తేల్చుకోండి. ఒక కన్ను మూసుకుని కాసేపు, తెరిచి కాసేపు చూస్తే తెలిసిపోతుంది.

మావాడికి ఇప్పుడొక కూతురు. ఆ పిల్లకి కూడా మెల్లకన్ను వచ్చింది. ఈసారి అదృష్టమన్న మాట ఇంట్లో ఎవర్నీ అననివ్వలేదు వాడు. రెండో ఏడు నిండకముందే డాక్టరుకి చూపించాడు. కళ్ళద్దాలు పెట్టించి, రోజూ కొన్ని గంటలు మంచి కంటికి పట్టీ వేసి, బద్ధకించిన కంటి చేత పని చేయించాడు. పిల్ల పట్టీ పీకి పారేసేది, వీడు మళ్ళీ వేసేవాడు. ఇద్దరూ కలిసి ఏడ్చిన రోజులున్నాయని చెప్పాడు. చిన్నతనంలోనే పట్టుకుంటే ఆ కన్ను చాలావరకు దారికొస్తుంది. ఆలస్యం చేస్తే మెదడు వినదు. ఇది చదివేవారిలో పిల్లలున్నవాళ్ళు ఈ ఒక్క ముక్క గుర్తుంచుకున్నా చాలు.

కంటి డాక్టర్ల దగ్గర లోతు పరీక్షకి ఒక పుస్తకం వుంటుంది. అందులో పేజీ నిండా ఒక పెద్ద ఈగ బొమ్మ. పిల్లలకి త్రీడీ కళ్ళజోడు పెట్టి, ఈగ రెక్కలు పట్టుకోమంటారు. లోతు తెలియని పిల్ల కాగితం మీదే గిల్లుతుంది. లోతు తెలిసిన పిల్ల కాగితానికి పైన, ఏమీ లేనిచోట, గాల్లో పట్టుకుంటుంది. కథ లేదు, సంగీతం లేదు, ఒక్క ఈగ. కిందటేడు ఆ పరీక్ష రోజు రాత్రి మావాడు ఫోను చేశాడు. వాడికి కనిపించింది చదునైన ఈగే. కాని వాడు ఈగని చూడలేదట, పిల్ల వేళ్ళనే చూస్తూ కూర్చున్నాడట.

“కాగితానికి రెండంగుళాల పైన ఆగాయిరా” అన్నాడు.